ఈసారి చావనన్నారు

ఉత్తుత్తి చావుకి మైల ఉంటుందా?

ఈ సందేహం నాకు ముప్పై రెండేళ్లుగా ఉంది. మా ఆయన రాజారావుగారు మొదటిసారి టీవీలో చనిపోయినప్పుడు మాకు పెళ్లై నాలుగేళ్లు. తమిళ సీరియల్లో లారీ డ్రైవరు వేషం. గుండె పట్టుకుని స్టీరింగ్ మీదకి వాలిపోయారు. అసలు మనిషి నా పక్కనే సోఫాలో కూర్చుని వేరుశనక్కాయలు ఒలుచుకుంటున్నారు. అయినా నేను ఆగలేకపోయాను. పుస్తెలు కళ్లకద్దుకుని, ఆయన చేత బలవంతాన తలస్నానం చేయించి, దీపం పెట్టాను. ఆ తరువాత ఆయన చచ్చిన ప్రతిసారీ మా ఇంట్లో తలస్నానం తప్పలేదు.

గుళ్లో పంతులుగారిని అడిగితే నవ్వేశారు. "వేషానికి మైలేమిటమ్మా, రంగు కడుక్కుంటే పోతుంది" అన్నారు. నాకు తృప్తి కలగలేదు. నోటితో మొక్కుకున్న మొక్కు దేవుడు వింటాడు కదా. మరి అదే నోటితో 'నేను పోతున్నాను' అన్నది మాత్రం వినకుండా చెవులు మూసుకుంటాడా?

అలా ఇరవై ఆరుసార్లు చచ్చిన మనిషి ఇరవై ఏడోసారి చావనని మొండికేసిన దగ్గర పోయిన వారం ఆగాం. సింగపూర్‌లో ముప్పై నాలుగేళ్లు తమిళంలో, మలయ్‌లో, ఇంగ్లీషులో మాట్లాడిన నటుడికి అరవై ఆరో ఏట దొరికిన మొదటి తెలుగు వేషం, తాతయ్య సోమలింగం. సీరియల్ నూట పన్నెండు భాగాలు నడిచాక సోమలింగాన్ని చంపేద్దామనుకున్నారు. కోడలు ఒక మాటంటుంది. ఆ మాట మింగి, పడుకుని, ఆయన ఇక లేవడు. "సోమలింగం అలా పోయేవాడు కాదు" అని ఈయన కాగితాలు వెనక్కిచ్చేశారు. రెండు రోజుల తరువాత, ఈయన ఇంట్లో లేనప్పుడు, నిర్మాత అనిల్‌కుమార్ టోవా పాయోలోని మా ఫ్లాటుకి వచ్చాడు. బ్యానర్ వేయిస్తున్నామని, అంకుల్‌ది మంచి ఫోటో ఒకటి కావాలని అడిగాడు. పూజగది పక్క గోడ మీద నుంచి తీసి నా చేత్తో నేనే ఇచ్చాను.

ఆదివారం పదిగంటలకి షూటింగ్ మా బ్లాక్ కిందే అన్నారు. ఇక్కడ ప్రతి బ్లాక్ కిందా స్తంభాల మధ్య ఖాళీ జాగా ఉంటుంది, వాయిడ్ డెక్ అంటారు. పెళ్లిళ్లూ అక్కడే, చావులూ అక్కడే. ఈయన ముందుగానే దిగి వెళ్లారు, ఆ డైరెక్టరు పిల్లతో చివరిసారిగా మాట్లాడి చూస్తానని. నేను పూజ ముగించుకుని, డబ్బా నిండా ఇడ్లీలు, ఫ్లాస్కులో కాఫీ పట్టుకుని లిఫ్టు దిగాను.

తెల్ల గుడ్డలు కట్టారు. ప్లాస్టిక్ కుర్చీలు వరసగా వేశారు. మధ్యలో బల్ల మీద అగరొత్తులు, దీపం, వాటి వెనక మా ఆయన ఫోటో. మా పెళ్లైన పాతికేళ్లకి గుడి బయట తీసుకున్నది. నన్ను కత్తిరించేశారు. నా చీర అంచు మాత్రం ఆయన భుజం దగ్గర పసుపుపచ్చగా మిగిలింది. ఫోటోకి దండ వేసి ఉంది.

 నా చేతిలో ఫ్లాస్కు ఎవరు అందుకున్నారో కూడా తెలీలేదు.

"ఆంటీ, రండి రండి" అంటూ అనిల్‌కుమార్ ఎదురొచ్చాడు. బెజవాడ కుర్రాడు, నలభై ఏళ్లుంటాయి, ఎప్పుడూ నవ్వుతూనే ఉంటాడు. "మీరు పైనే ఉండాల్సిందండీ. ఎండగా ఉంది."

"బ్యానర్ అన్నావు బాబూ."

"బ్యానర్ కూడా ఉంటుందండీ."

"బతికున్న మనిషి ఫోటోకి దండేస్తారా?"

"అంకుల్‌కి కాదాంటీ, సోమలింగానికి వేశాం. సీరియల్స్‌లో మామూలేనండీ ఇది. ఆర్టిస్టు డేట్లు ఇవ్వకపోతే, మాట వినకపోతే, ఫోటోకి దండేస్తాం, నలుగురు ఏడుస్తారు, కథ ముందుకెళ్తుంది. ఆయన రాకపోయినా ఆయన చనిపోతారు."

ఆ చివరి మాట అతను చాలా తేలిగ్గా అన్నాడు. టిఫిను అయిపోయిందన్నట్టుగా అన్నాడు.

మా ఆయన స్తంభానికి ఆనుకుని నిలబడి ఉన్నారు. అంటే ఆయన నాకంటే ముందే చూశారన్న మాట. నా వైపు చూసి తల అడ్డంగా ఊపారు, నీ తప్పేం లేదులే అన్నట్టు. ఆ చూపుకి నాకు మరింత సిగ్గేసింది. దేవుళ్ల పక్క గోడ మీద నుంచి తీసిచ్చింది నేనే కదా.

"అనిల్, నాతో మాట్లాడు లా. ఆమెతో కాదు" అన్నారు ఈయన. మాట చివర 'లా' తగిలించే, సింగపూర్లోనే పుట్టి పెరిగిన తెలుగు ఆయనది. తాతల నాడే వచ్చేసిన కుటుంబం.

"మాట్లాడటానికి ఏముంది అంకుల్. మీరు కాగితాలు ఇచ్చేశారు. మేం దారి చూసుకున్నాం."

"నా మొహం నాదే కదా. ఆ ఫోటో నన్నడిగి తీసుకున్నావా?"

"ఆంటీ ఇచ్చారు."

"ఆంటీకి నిజం చెప్పావా?"

అనిల్‌కుమార్ నవ్వు కొంచెం తగ్గింది. అటువైపు కెమెరా పక్కన శ్రీలేఖ నిలబడి ఉంది. ఈ సీరియల్ రాసేదీ తీసేదీ ఆ అమ్మాయే. బుకిట్ పంజాంగ్‌లో పుట్టి పెరిగిన పిల్ల. తెలుగు తన అమ్మమ్మ దగ్గర నేర్చుకుంది. చేతిలో కాగితాలు గొట్టంలా చుట్టి, విప్పి, మళ్లీ చుడుతోంది.

"అంకుల్," అంది ఆ పిల్ల, "నేను చెప్పాను. ఐ ట్రైడ్. హైదరాబాద్‌లో ఛానెల్ వాళ్లు డెత్ కావాలన్నారు. చావు ఎపిసోడ్ ఎక్కువ మంది చూస్తారంట."

"చావుకి నేనెప్పుడైనా కాదన్నానా అమ్మా?" అన్నారు ఈయన. "ఇరవై ఆరుసార్లు చచ్చాను. లారీలో చచ్చాను, కత్తికి చచ్చాను, ఆస్పత్రిలో చచ్చాను. మలయ్ కామెడీలో ముళ్ల దురియన్ పండు నెత్తిన పడి కూడా చచ్చాను. యూనివర్సిటీలో డాక్టరీ చదివే పిల్లల పరీక్షకి రోగి వేషం వేసి ఒక్కరోజే పన్నెండుసార్లు గుండెనొప్పి పడ్డాను. అన్నిసార్లూ ఏదో ఒకటి వచ్చి చంపింది. సిగ్గుతో చచ్చిన వేషం ఒక్కటీ వెయ్యలేదు. ఈ వయసులో మొదలెట్టను."

"అంకుల్, అది వేషమే కదా" అన్నాడు అనిల్‌కుమార్.

"నూట పన్నెండు భాగాలు వాణ్ని మోశాను. వాడు కోడలికి ఎదురుచెప్పాడు, కొడుక్కి ఎదురుచెప్పాడు, లిఫ్టులో సిగరెట్ కాల్చినవాడికి ఎదురుచెప్పాడు. ఒక్క మాటకి పడుకుని చస్తాడా? పెట్టె సర్దుకుని బయటికి నడుస్తాడు. హాకర్ సెంటర్లో జనం తిన్న ట్రేలు తీసే పని చేసుకుంటాడు. నా ఈడువాళ్లు ఎంతమంది చెయ్యట్లేదు? అది రాయండి, రేపు పొద్దున్నే మేకప్ వేసుకుని కూర్చుంటాను."

"కథ మాదండీ."

"కథ మీదే. కాదన్నానా?"

అనిల్‌కుమార్‌కి ఓపిక పోయింది. "ముప్పై నాలుగేళ్లు చేశారు, ఒక్క పోస్టర్ మీదైనా మీ మొహం పడిందా అంకుల్? ఈ ఒక్క సీరియల్‌తో మిమ్మల్ని నలుగురూ గుర్తుపడుతున్నారు. ఇవాళ కాదన్నారంటే రేపు ఇక్కడ తెలుగులో ఎవరు పిలుస్తారు మిమ్మల్ని? నేనైతే పిలవను. తమిళం వాళ్లు పిలవడం మానేసి రెండేళ్లయింది. అది కూడా నాకు తెలుసు."

అది నిజమే. నేను తల దించుకున్నాను. ఈయన మాత్రం దించుకోలేదు.

"పిలవకు" అన్నారు.

శవాన్ని మోసేవాళ్లుగా వేయడానికి నలుగురు కుర్రాళ్లని పిలిపించారు. షిప్‌యార్డులో పనిచేసేవాళ్లు, ఆదివారం సెలవు కదా, సరదాగా వచ్చారు. వాళ్లలో పెద్దవాడు భద్రయ్య. జగిత్యాల దగ్గరి మనిషి. పొద్దున్న ఈయన్ని చూడగానే కాళ్లకి దండం పెట్టాడట. "మకాన్ అయ్యిందా బాబూ?" అని ఈయన ఇక్కడి మాటలో తిండి సంగతి అడిగితే, తినలేదన్నాడట. ఆ భద్రయ్య ఇప్పుడు నెమ్మదిగా ముందుకొచ్చాడు.

"సార్, ఒక్క మాట. మేం డార్మిటరీల అరవై మందిమి ఒక్క ఫోన్ల చూస్తం గీ సీరియల్. తాత ఎదురు మాట్లాడితే చప్పట్లు కొడ్తం. మేం యాడ మాట్లాడలేం గద సార్, గందుకు. గీ తాతను మొయ్యమంటె మాతోని గాదు."

"మోసేది లేదయ్యా, ఫోటోయే కదా!"

"ఫోటోనైనా గంతే."

నలుగురూ వెళ్లి కుర్చీల్లో కూర్చున్నారు. వెళ్లిపోలేదు, కూర్చున్నారు. పని మానేసిన మనుషులు కూర్చునే తీరు వేరుగా ఉంటుంది. అది అనిల్‌కుమార్ కూడా చూశాడు.

"సరే, మోసేవాళ్లు వద్దు. ఫోటో ముందు ఏడుపు ఒక్క షాట్. పర్మిషన్ ఒంటిగంట వరకే. శ్రీలేఖా, రోల్ చెయ్యి."

నేను బల్ల దగ్గరికి నడిచాను. ఫోటో మీద చెయ్యి వేశాను. ముప్పై ఆరేళ్లుగా ఈ ఊళ్లో ఉన్నాను, ఏ షూటింగ్‌లోనూ నోరెత్తలేదు. చీపురుపల్లి హైస్కూల్లో పదో తరగతి చదివినదాన్ని, నాకేం తెలుసని ఊరుకునేదాన్ని. ఇడ్లీలు పంచి, పక్కన కూర్చుని, ఇంటికొచ్చి తలస్నానానికి నీళ్లు పెట్టేదాన్ని. అంతవరకే నా పని అనుకున్నాను.

"ఇది నా ఇంట్లో ఫోటో బాబూ. నేను ఇచ్చాను, నేనే తీసుకుపోతాను."

"ఆంటీ ప్లీజ్. ఒక్క షాట్. తరువాత మీరే తీసుకెళ్లండి."

"ఇవ్వను."

"మల్లీ," అన్నారు ఈయన స్తంభం దగ్గర నుంచే, "తియ్యనీ. నేను లేకుండా నన్నెలా చంపుతారో నేనూ చూస్తాను."

ఆ గొంతులో కోపం లేదు. పంతం ఉంది. నేను చెయ్యి తీశాను కానీ అక్కణ్ణుంచి కదల్లేదు. బల్ల పక్కన కుర్చీ లాక్కుని కూర్చున్నాను. "తీసుకోండి. నేను మాత్రం ఈ ఫోటో పక్కనే ఉంటాను."

అనిల్‌కుమార్ చేతులెత్తేశాడు. "ఉండండి, బంధువుల్లో ఒకరనుకుంటారు."

శ్రీలేఖ నా వైపు ఒక్క క్షణం చూసి, కెమెరా అబ్బాయికి చెయ్యి ఊపింది. కోడలు వేషం అమ్మాయి కళ్లలో మందు వేసుకుని వచ్చి ఫోటో ముందు కూలబడి ఏడవడం మొదలుపెట్టింది. నేను మనసులో విష్ణుసహస్రనామం అందుకున్నాను. ఉత్తుత్తి ఏడుపు వినపడకుండా ఉండాలంటే నాకు అదొక్కటే తెలుసు.

అప్పుడు లిఫ్టు తలుపు తెరుచుకుంది.

తొమ్మిదో అంతస్తులో ఉండే టాన్ గారు. ఎనభై దాటిన చైనా ముసలాయన. కళ్లజోడు సీసా అడుగంత మందం. ఒకే బ్లాక్‌లో ఉన్నా మాకూ ఆయనకీ లిఫ్టులో తల ఊపడమే తప్ప మాటల్లేవు. ఇవాళ తెల్ల చొక్కా వేసుకున్నారు. చేతిలో మూతపెట్టిన ప్లాస్టిక్ డబ్బా. లిఫ్టు వైపు నుంచి వచ్చేవాళ్లకి కెమెరా స్తంభాల చాటున పడుతుంది. ఆయనకి కనిపించేవి తెల్ల గుడ్డలు, దీపం, దండ పడిన ఫోటో, పక్కన నేను.

నాకు విషయం అర్థమయ్యేసరికి ఆయన ఫోటో ముందు నిలబడి మూడుసార్లు నడుం వంచి దండం పెట్టేశారు. తరువాత నా వైపు తిరిగి, నా రెండు చేతులూ పట్టుకున్నారు. చల్లటి, ఎముకల చేతులు.

"సారీ అమ్మా. పొద్దున కిటికీలోంచి తెల్ల గుడ్డలు చూశాను. ఎవరని అడిగితే ఈయన ఫోటో పెట్టారన్నారు. నిన్నే లిఫ్టులో కనిపించాడు, ఈ పూటకి ఫోటో. నాకు నమ్మబుద్ధి కాలేదు." ఇంగ్లీషు, మలయ్ కలిపి మాట్లాడుతున్నారు.

కాదండీ, ఇది షూటింగ్ అని చెప్పడానికి నోరు తెరిచాను.  కానీ ఆయన నిజంగా ఏడుస్తున్నారు. పక్కన మందు వేసుకుని ఏడుస్తున్న అమ్మాయి ఏడుపు ఆపేసి ఆయన్నే చూస్తోంది.

"నీకు ఆయన చెప్పాడో లేదో. మా అమ్మ చివరి రోజుల్లో, పంతొమ్మిదేళ్లయింది, మతి పోయింది. మధ్యాహ్నం అయ్యేసరికి వరండాలో స్టూలు వేసుకుని కూర్చునేది, బస్సు రావాలని. లోపలికి రమ్మంటే నన్ను కొట్టేది. ఒకరోజు ఈయన లిఫ్టు తప్పుగా నొక్కి మా అంతస్తులో దిగాడు. అమ్మ ఈయన్ని చూసి, 'కండక్టర్ వచ్చాడు' అంది. ఆవిడ చిన్నప్పుడు ఇండియన్ కండక్టరు ఉండేవాడు. నేను సారీ చెప్పబోయాను. ఈయన నాకు చెయ్యి అడ్డం పెట్టి, వీపు నిటారుగా చేసి, మలయ్‌లో గట్టిగా, 'డుడుక్, డుడుక్, కూర్చోండమ్మా, బస్సు బయల్దేరుతోంది' అన్నాడు. బాలెస్టియర్, సెరంగూన్, ఒక్కో స్టాపూ పిలిచాడు. అమ్మ చివరి స్టాపులో దిగింది. దిగి లోపలికి నడిచి అన్నం తింది."

 పంతొమ్మిదేళ్ల కిందట రోజూ మధ్యాహ్నం ఈయన అరగంట ఆలస్యంగా వచ్చేవారు. అన్నం చల్లారిపోతోందని నేను సణిగేదాన్ని. లిఫ్టు దగ్గర ఎవరో కనబడ్డారనేవారు.

"ఏడు నెలలు వచ్చాడు" అన్నారు టాన్ గారు. "ఒక్కరోజు మానలేదు. నేను థాంక్స్ చెప్పలేదు. అమ్మ అలా అయిందని నాకు సిగ్గు. అమ్మ పోయాక ఈయన లిఫ్టులో కనిపిస్తే నేల చూసేవాణ్ని. అమ్మ రోజూ దిగేటప్పుడు కండక్టరుతో ఒకటే మాట అనేది, రేపు నీకు ఎర్ర కుయే మిఠాయి తెస్తానని. మర్చిపోయేది. పోయే ముందు రోజు నాతో అంది, కండక్టరుకి ఇంకా ఇవ్వలేదురా అని. నేను కూడా ఇవ్వలేదు."

ఆయన డబ్బా మూత తీసి బల్ల మీద దీపం పక్కన పెట్టారు. ఎర్రటి బిళ్లలు, తాబేలు వీపు అచ్చు వేసినవి. లోపల పెసరపప్పు పూర్ణం ఉంటుంది. "చావుకి ఎరుపు తేకూడదు. మా వాళ్లు తిడతారు. కానీ అమ్మ చెప్పింది ఎర్రదే."

నేను లేచాను. ఫోటో మీది దండ రెండు చేతులతో తీసేశాను. ఎవరి అనుమతీ అడగలేదు. తీసి, పక్కనున్న భద్రయ్య చేతిలో పెట్టాను. అతను దాన్ని పట్టుకుని నిలబడ్డాడు, ఎక్కడ పెట్టాలో తెలీక.

"కట్! కట్ చెప్పండి ఎవరైనా!" అనిల్‌కుమార్ అరిచాడు.

"నేను చెప్పలేదు" అంది శ్రీలేఖ. కెమెరా మీంచి కళ్లు తీయకుండా అంది. "నేను చెప్పేదాకా కట్ లేదు. అంకుల్, కమ్."

మా ఆయన స్తంభం చాటు నుంచి నడిచి వచ్చారు. టాన్ గారు చూశారు. కళ్లజోడు తీసి, తుడుచుకుని, మళ్లీ పెట్టుకుని చూశారు. పక్కనున్న కుర్చీ గట్టిగా పట్టుకున్నారు. పడిపోతారేమోనని నేను ముందుకి వంగాను.

మా ఆయన వీపు నిటారుగా చేశారు. అరవై ఆరేళ్ల నడుం ఎక్కడికి పోయిందో.

"డుడుక్, అంకుల్" అన్నారు గట్టిగా. "కూర్చోండి. బస్సు బయల్దేరుతోంది."

టాన్ గారు కూర్చున్నారు. కూర్చుని, ఈయన్ని పొత్తికడుపులో ఒక గుద్దు గుద్దారు. "చావలేదా నువ్వు!"

"చావమన్నారు. నేనే కుదరదన్నాను."

ముసలాయన నవ్వుతున్నారో ఏడుస్తున్నారో తెలీలేదు. షిప్‌యార్డు కుర్రాళ్లు లేచి చప్పట్లు కొట్టారు. అనిల్‌కుమార్ మాత్రం చెవి దగ్గర ఫోను పెట్టుకుని అటూ ఇటూ తిరుగుతున్నాడు. ఇక్కడ జరుగుతున్నదంతా వీడియోలో హైదరాబాద్ వాళ్లకి నేరుగా వెళ్తోందని నాకు అప్పుడే తెలిసింది. అతను తిరిగొచ్చాడు. మొహంలో ఎప్పుడూ ఉండే నవ్వు లేదు, కోపమూ లేదు. ఏమిటో పోల్చుకోలేకపోయాను.

"అంకుల్, ఛానెల్ పెద్దాయన లైన్లో ఉన్నారు. మీతోనే మాట్లాడతారట. ఇప్పుడే."

సీరియల్ ఆపుతారో, ఈయన్ని తీసేస్తారో, శ్రీలేఖని తీసేస్తారో.  దేవుడా, ఏం విన్నావో, ఏం వినలేదో!

ఈయన ఫోను వైపు చూడనే లేదు. డబ్బాలోంచి ఎర్ర బిళ్ల ఒకటి తీసి, రెండు ముక్కలు చేసి, ఒకటి నా చేతిలో పెట్టారు. చనిపోయినవాడి ఫోటో ముందు పెట్టినది తినవచ్చా అని నేను ఆలోచిస్తుండగానే, రెండో ముక్క నోట్లో వేసుకున్నారు. టాన్ గారు కళ్లార్పకుండా చూస్తున్నారు. ఈయన నిదానంగా నమిలి, మింగి, ఆయన భుజం మీద చెయ్యి వేశారు.

"మీ అమ్మగారి మాట చెల్లింది" అన్నారు మలయ్‌లో.

"అంకుల్! లైన్లో ఉన్నారు!" అన్నాడు అనిల్‌కుమార్.

ఈయన డబ్బాలోంచి ఇంకొకటి తీసుకున్నారు.

"ఆగమను. చచ్చినవాడు మకాన్ చేస్తున్నాడని చెప్పు."